ఈరమ్మ ఇచ్చేసిన సైన్యం

ఎర్రబండ అడవిలో జంతువులు ఎండాకాలం నీళ్ల కోసం కొట్టుకోవడం మానేశారు. మంచిబుద్ధి పుట్టి మానలేదు. అంతకుముందు ఏడు దొనల దగ్గర జరిగిన కొట్లాటలో పదకొండు ప్రాణాలు పోయాయి, ఆ భయంతో మానేశారు. దొన అంటే బండల మధ్య వాననీళ్లు నిలిచే గుంట. ఆ అడవిలో అవి ఏడే ఉన్నాయి. అవి కాదంటే ఏరు దాకా రెండు కోసుల నడక.

అప్పుడు ఎలుగుబంటి గురవయ్య ఒక దారి చూపించాడు. కాపలావాళ్లు వదిలేసిపోయిన రేకుల గుడిసెలో ఒక ట్యాబ్ పడి ఉంది. కప్పు మీద సోలార్ పలక ఇంకా పనిచేస్తూనే ఉంది. ఆ ట్యాబ్‌లో ‘ఏడు కోటలు’ అనే ఆట ఉంది. దొనకొక కోట పేరు పెట్టి, దొనల కోసం కొట్లాడే ఏడుగురికీ తలొక కోట ఇచ్చి, “కొట్లాడుకునేదేదో ఇందులో కొట్లాడుకోండి, తోళ్లు చిరగవు. పదో రోజుకి ఎవరి చేతిలో ఏ కోట ఉంటే వానలు పడేదాకా ఆ దొన వాళ్లది” అన్నాడు.

ఆట తేలికే. రోజూ మిట్టమధ్యాహ్నం అందరూ చేరాలి. ఒకరి తర్వాత ఒకరు తమ వంతు ఆడాలి. ఒక వంతులో ఒక్క పనే చేయాలి, ఒక కోట మీదికి దండెత్తడమో, సైన్యాన్ని జరపడమో, ఇతరులకు పంచడమో. ‘వంతు అయింది’ అన్న బొత్తాం నొక్కాక మళ్లీ రేపే. సొంత కోట పోగొట్టుకున్నవాళ్ల సైనికులు ఎక్కడున్నా సరే జెండా దించి మాయమైపోతారు. పంచిన సైనికులు మాత్రం పుచ్చుకున్నవాళ్లవాళ్లే అవుతారు, కోట పోయినవాళ్లకి ఎవరైనా సైన్యం ఇస్తే మళ్లీ ఆడొచ్చు. ఒకరు ఆడుతుంటే మిగతావాళ్లు నోరెత్తకూడదు. ఎత్తితే గురవయ్య గుర్రుమంటాడు.

ఇక వంతుల వరస ఎట్లా అని తర్జనభర్జన పడి, చివరికి నీళ్లు తాగే వరసే ఖాయం చేసుకున్నారు. దొన దగ్గర బలమున్నవాడు ముందు మూతి పెడతాడు. నక్కది ఎప్పుడూ చివరి వంతే, వాడు దిగితే నీళ్లు పాడవుతాయని అందరికీ అనుమానం. తోడేలు గండప్ప ఛాతీ విరిచి, “నీళ్లయినా ఆటయినా ముందు నేనే” అన్నాడు. కాదనే దమ్ము ఎవరికుంది?

ఏడు రోజులు గడిచేసరికి గండప్ప కుందేలు పుల్లమ్మ కోట మింగాడు, ముంగిస కొండడి కోట మింగాడు. ఇక అతని చూపు ముళ్లపంది ఈరమ్మ కోట మీద పడింది. ఆమెది రాతిదొన. ఏడింటిలోనూ ఎండాకాలం చివరిదాకా ఎండనిది అదొక్కటే.

ఈరమ్మకి ఇద్దరు పసిబిడ్డలు. కిందటి వేసవిలో మూడో బిడ్డ కూడా ఉండేది. ఏటికి నడిపించుకుపోతుంటే సగం దారిలో సొమ్మసిల్లి మళ్లీ లేవలేదు. ఆ దారిలో ఈ ఇద్దరినీ నడిపించడం తన వల్ల కాదని ఈరమ్మకి తెలుసు. ఏడో రోజు ఆట అవగానే ఆమె ముళ్లు సర్దుకుని తోడు వెతుక్కుంటూ బయలుదేరింది.

ముందు కణితి దుప్పి ఓబులేసు దగ్గరికి వెళ్లింది. అంత పెద్ద కొమ్ములున్నాయన్న మాటే గానీ, ఆకు రాలితే ఉలిక్కిపడే రకం. పొదలో సగం దాక్కుని మేస్తున్నాడు.

“ఓబులేసన్నా, నీ సైన్యంలో ఒక పదిమందిని నా కోటకి పంపు. ఇద్దరం కలిస్తే గండప్ప ఆగుతాడు.”

“నాకూ అతనికీ తగవేం లేదు గదమ్మా.”

“పుల్లమ్మకి మాత్రం ఏం తగవుంది?”

ఓబులేసు నమలడం ఆపాడు. “నేను పంపానని తెలిస్తే మర్నాడు నా మీదికొస్తాడు. ముందు అతనిదే వంతు. నన్ను వదిలెయ్ చెల్లెమ్మా.”

అక్కడినుంచి నెమలి రంగసాయి దగ్గరికి వెళ్లింది. అతను బండ మీద నిలబడి తోక ఆరబెట్టుకుంటున్నాడు. తడవకపోయినా రోజూ ఆరబెట్టుకుంటాడు, చూసేవాళ్లుంటే ఇంకాసేపు.

“కలుస్తాను గానీ వదినా, ఈ కూటమికి నాయకుడెవరు?”

“నువ్వే ఉండు.”

అంత తేలిగ్గా ఇస్తుందనుకోలేదేమో, రంగసాయి తోక దించాడు. “నాయకుడంటే ముందు నడవాలి గదా?”

“నడవాలి.”

“అయితే కొంచెం ఆలోచించుకోనీ.”

ఇక మిగిలింది నక్క చెన్నప్ప. ఈరమ్మకి అతని మీద పెద్ద ఆశ లేదు. అయినా అడగలేదన్న మాట ఎందుకని అడిగింది.

“నేను ఎవరి పక్షమూ కాదు పిన్నీ. తటస్థుణ్ణి” అన్నాడు చెన్నప్ప. ఆమె మలుపు తిరిగిందో లేదో, ఆ తటస్థుడు ఒక్క పరుగున గండప్ప గుహకి చేరి, ఎవరెవరు ఏమన్నారో అక్షరం పొల్లుపోకుండా అప్పజెప్పాడు.

ఎనిమిదో రోజు గండప్ప ముంగిస కోట నుంచి సైన్యాన్ని జరిపి రాతిదొన పక్కనే దింపాడు. ఈరమ్మ కోటలో ఇరవైమంది ఉన్నారు. అతని దగ్గర అరవై. ఇంటికొచ్చి బిడ్డల్ని పక్కలో వేసుకుని ఈరమ్మ లెక్కలు వేసింది. ఎట్లా వేసినా పదో రోజుకి కోట పోతుంది. ఇరవైమందితో ఉన్నా పోతుంది, ముప్పైమందితో ఉన్నా పోతుంది. మరి ఓబులేసు భయం ఏమిటి? మర్నాడు గండప్ప వంతు వస్తుందని. పదో రోజుకి మర్నాడు ఎక్కడిది? ఆమె లేచి కూర్చుంది.

తొమ్మిదో రోజు గండప్ప పుల్లమ్మ కోటలోని సైన్యాన్ని కూడా రాతిదొన పక్కకి జరిపాడు, దండెత్తడం చివరి రోజుకి ఉంచుకున్నాడు. తన వంతు రాగానే ఈరమ్మ ముక్కుతో ట్యాబ్‌ని నొక్కి, పదిమందిని ఓబులేసుకి, పదిమందిని రంగసాయికి పంపేసింది. కోటలో ఒక్క సైనికుణ్ణి కూడా ఉంచుకోలేదు. గుడిసెలో గుసగుసలు లేచాయి. గురవయ్య గుర్రుమన్నాడు.

తర్వాత వంతు చెన్నప్పది. ఖాళీ కోట చూశాడు, గండప్ప ముఖం చూశాడు, గెలిచే పక్షంలో పేరు రాయించుకోవడానికి ఇదే సమయమనుకున్నాడు. ఇద్దరు కాపలావాళ్లను ఉంచుకుని తన పదిహేనుమందినీ గండప్పకి పంపాడు. బయటికొచ్చాక ఈరమ్మ పక్కన చేరి, “అట్లా ఇచ్చేశావేంది పిన్నీ?” అన్నాడు బాధ నటిస్తూ.

“నా దగ్గరుంటే ఊరికే చచ్చేవాళ్లు. వాళ్ల దగ్గరైనా బతుకుతారని” అంది ఈరమ్మ. అందులో ఒక్క మాట కూడా అబద్ధం కాదు.

చెన్నప్ప నేరుగా గండప్ప దగ్గరికి పోయాడు. “మామా, ముళ్లపంది చేతులెత్తేసింది. కాకపోతే ఖాళీ కోట గదా, రేపు నువ్వు పదిమందితో పోతే నీ తర్వాత కణితి వచ్చి ఎగరేసుకుపోతాడు. ఎండని దొన అది. ఉన్నవాళ్లందర్నీ అందులోకి దించు.”

“మరి నా సొంత కోట?”

“దాని మీదికి వచ్చేదెవడు మామా? ఓబులేసా?”

ఇద్దరూ కడుపుబ్బ నవ్వుకున్నారు.

ఆ సాయంత్రం ఈరమ్మ మళ్లీ ఓబులేసు పొద దగ్గరికి వెళ్లింది. ఓబులేసు తల ఎత్తలేకపోయాడు. “నేను పదిమందిని ఇవ్వనన్నాను. నువ్వేమో ఉన్నదంతా మాకు పంచావు. మధ్యాహ్నం నుంచి గడ్డి లోపలికి దిగడం లేదమ్మా.”

“గడ్డి తిను గానీ ఒక మాట విను. రేపు గండప్ప నా కోటలోకి దిగుతాడు, ఇంకెవరూ ఎగరేసుకుపోకుండా అందర్నీ అక్కడే దించుతాడు. సొంత కోటలో నలుగురైదుగురికి మించి ఉంచడు. అతని తర్వాత నీ వంతు. నీవాళ్లని కదిలించొద్దు, నీ కోట కాపలాకి ఉంచుకో. నేనిచ్చిన పదిమందిని అతని కోట మీదికి పంపు.”

“ఆ తర్వాత నా మీదికి రాడూ?”

“ఏ వంతులో వస్తాడు? రేపటితో ఆట అయిపోతుంది గదా.”

ఓబులేసు ఒక్కో రోజుకి ఒక్కోసారి గిట్టతో నేల గీరి, పది గీతలు చూసుకుని, పదకొండోది లేదని తేల్చుకున్నాడు. “నిజమే. మరి నీ కోట?”

“పోతుంది. మీరు తెచ్చిపెడితే వస్తుంది.”

రంగసాయి దగ్గర ఇంకా తక్కువ మాట్లాడింది. “రేపు ఓబులేసన్న పని చేశాక రాతిదొన కోట దిక్కులేకుండా ఉంటుంది. నా పదిమందిని నాకు తిరిగి పంపావంటే నా వంతులో నేను పోయి ఎక్కుతాను. పంపకుండా నువ్వే ఎక్కినా అడిగేవాళ్లు లేరు. నాయకుడివి, నీ ఇష్టం.”

ఆ రాత్రి ఆమెకి కంటిమీద కునుకు లేదు. ఓబులేసుకి భయం, రంగసాయికి డంబం. వీళ్లని నమ్ముకుని బిడ్డల నీళ్లు పందెంలో పెట్టానే అని తనను తాను తిట్టుకుంది.

పదో రోజు గుడిసె కిక్కిరిసింది. ఆటలోంచి పోయిన పుల్లమ్మ, కొండడు కూడా వచ్చి మూల నిలబడ్డారు. గండప్ప నాలుక చప్పరించుకుంటూ ముందుకొచ్చి, నక్క పంపిన పదిహేనుమందితో సహా డెబ్బై ఒక్కమందిని రాతిదొన కోటలోకి దించాడు. ఇంటి దగ్గర నలుగురు మిగిలారు. ఈరమ్మ జెండా ఊడి కిందపడింది. గండప్ప బొత్తాం నొక్కి ఆమె వైపు చూశాడు.

ఓబులేసు వంతు. మొదటిసారి నొక్కితే పక్కన పడింది. రెండోసారి సరిగ్గా పడింది. పదిమంది పోయి నలుగుర్ని కొట్టి గండప్ప కోట ఎక్కారు. ఆ క్షణాన రాతిదొనలో దిగిన డెబ్బై ఒక్కమందీ జెండాలు దించి మాయమైపోయారు. చెన్నప్ప పదిహేనుమంది కూడా వాళ్లలోనే ఉన్నారు.

“ఇదేంది?” అని గండప్ప లేచాడు. గురవయ్య గుర్రుమన్నాడు. గండప్ప కూర్చున్నాడు.

రంగసాయి ట్యాబ్ దగ్గరికి వచ్చాడు. రాతిదొన కోట ఖాళీగా ఉంది, పక్కనే ఉంది, ఒక్క నొక్కుకి తనదవుతుంది. కాలు ఎత్తాడు. ఎత్తిన కాలు అట్లాగే ఉంచాడు. ఈరమ్మకి మాట్లాడడానికి లేదు. తల పక్కకి తిప్పుకుంది.

రంగసాయి చుట్టూ చూశాడు. అడవంతా తననే చూస్తోంది. ఇంతమంది తనని ఇంతసేపు చూడడం అతని జన్మలో ఇదే మొదలు. మెల్లగా కాలు జరిపి, ఈరమ్మ పదిమందిని ఈరమ్మకి పంపేశాడు.

ఈరమ్మ ముక్కుతో ఒక్కసారి నొక్కింది. రాతిదొన మీద ఆమె జెండా మళ్లీ లేచింది. కళ్లు మసకబారి బొత్తాం కనబడక కాసేపు వెతుక్కుంది.

చెన్నప్పకి కాపలావాళ్లు ఇద్దరే మిగిలారు. కదిలిస్తే సొంత కోట ఖాళీ. ఏమీ చేయకుండా బొత్తాం నొక్కి మూలకి జరిగాడు.

“ఇప్పుడు నా వంతు” అని గండప్ప ముందుకొచ్చాడు.

“అయిపోయింది” అన్నాడు గురవయ్య.

“అందరూ నా తర్వాత ఆడారు. నేను చూస్తూ కూర్చోవడమేనా?”

“ముందు ఆడతానన్నది నువ్వే గదా అబ్బాయ్.” గురవయ్య ట్యాబ్ తీసి చంకలో పెట్టుకున్నాడు. గండప్ప దొన ఓబులేసుకి రాసిచ్చాడు. దిక్కులేకుండా మిగిలిన రెండు దొనల్నీ పుల్లమ్మకీ కొండడికీ తిరిగి ఇచ్చేశాడు. చెన్నప్ప తన బురద దొన వైపు తల వంచుకుని నడిచాడు. గండప్ప ఏటి దారి పట్టాడు. ఎండ మాడిపోతోంది, రెండు కోసులు.

గుడిసె బయట ఈరమ్మ రంగసాయిని ఆపింది. “ఎందుకు పంపావయ్యా? నువ్వే ఎక్కి ఉండొచ్చు గదా.”

“నాయకుణ్ణి గదా వదినా. అందరూ చూస్తున్నారు” అన్నాడు రంగసాయి, తోక విప్పుతూ.

నీతి: తనను నమ్మమని అడిగేవాడు ముందు తానే నమ్మి చూపిస్తే, పిరికివాడూ డాంబికుడూ కూడా సైన్యమై నిలబడతారు.