ఆవు నాకిన మంచు

స్కాప్తి గురువుకి ఒక అలవాటుండేది. శిష్యుడు ప్రశ్న అడిగితే జవాబు చెప్పేవాడు కాదు, చేతికేదో పని అప్పగించేవాడు. దేవతలు మనిషిని ఎందుకు చేశారని అడిగినవాడు ఆ రోజల్లా పడవకి తారు పూసి రావలసిందే. సాయంత్రానికి వాడికి జవాబు దొరికేదో, ప్రశ్నే మరిచిపోయేవాడో ఎవరూ గట్టిగా చెప్పలేరు. ఆయనది ఉత్తర సముద్రంలో ఒక మంచుదీవి. మన చలి కంబళి కప్పుకుంటే పోయే చలి. అక్కడిది ఇంట్లో కుండలో నీళ్లని రాయి చేసే చలి. ఏడాదిలో సగం రోజులు మనుషులూ పశువులూ మట్టిపెళ్లల ఇళ్లలో ఒకే కప్పు కింద బతుకుతారు. మనిషి పడుకునే చోటుకీ ఆవు పడుకునే కొట్టానికీ నడుమ ఒక్క గోడ ఉంటుంది.

సాయంత్రం అందరూ నెగడు చుట్టూ చేరి ఉన్ని దువ్వుకుంటూ ఉంటే, స్కాప్తి లోకం పుట్టిన కథ చెప్పేవాడు. దక్షిణాన ముస్పెల్ అనే నిప్పులోకం. ఉత్తరాన నిఫ్ల్‌హైమ్ అనే మంచులోకం. రెంటి నడుమ గిన్నుంగగాప్ అనే అంతులేని ఖాళీ. నిప్పు సెగ వచ్చి మంచుని తాకింది, మంచు కరిగింది, ఆ బొట్లకి ప్రాణం వచ్చి యిమిర్ అనే మహాకాయుడు లేచాడు. ఇక్కడ గురువు గొంతు పెంచి రెండు అరచేతులూ చప్పున చరిచేవాడు. వందసార్లు విన్నవాళ్లు కూడా ఉలిక్కిపడేవాళ్లు. తర్వాత, ఆ మంచులోంచే ఒక ఆవు పుట్టి మంచుగడ్డని నాకితే దేవతల తాత బూరి బయటపడ్డాడని ఒక్క ముక్క చెప్పి, వెంటనే యిమిర్ చావుకీ, వాడి నెత్తురు సముద్రాలవడానికీ వెళ్లిపోయేవాడు. అక్కడ మళ్లీ జనం నోళ్లు తెరుచుకుని వినేవారు. రాతకోతలు లేని ఊరు. కథంతా నోటి నుంచి నోటికి పోవాల్సిందే. గురువు తర్వాత ఆ కథకి నోరు ఆయన శిష్యుడు ఓర్మ్ అని ఊరందరికీ తెలుసు. పాతికేళ్లవాడు. ఎక్కడ చప్పట్లు చరచాలో, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో, అన్నీ గురువు ఎలా చేస్తే అలాగే పట్టుకున్నాడు. పొగడ్త కోసం చెప్పడం కాదు, ఒక్క అక్షరం పొల్లుపోయేది కాదు. గొర్రెల పనీ, మంచులో తిరగడమూ మాత్రం అతనికి తెలియవు. అవన్నీ తమ్ముడు కారి చూసుకునేవాడు.

ఆ చలికాలం ఊరు ఊరంతా పక్క లోయకి పెళ్లికి వెళ్లి, మంచుతుఫానుకి అక్కడే చిక్కుకుపోయింది. ఇంట్లో అన్నదమ్ములిద్దరే ఉన్నారు. మూడు గొర్రెలు తప్పిపోయాయని కారి వెతకబోయాడు. మర్నాటి పొద్దున ఓర్మ్ తలుపు తీస్తే గుమ్మం ముందు పడి ఉన్నాడు. కనురెప్పల మీద మంచు, పెదాలు నీలం, ఒళ్లు కొయ్య. కానీ ఊపిరుంది. "అన్నా" అని కూడా అన్నాడు. ఓర్మ్ వాణ్ణి ఎత్తి తెచ్చి నెగడు పక్కన, సెగ మొహాన కొట్టేంత దగ్గరగా పడుకోబెట్టాడు. కట్టె దొరకని దీవిలో ఇంట్లో ఉన్న కట్టెలన్నీ ఒక్కసారే వేశాడు. చాలక తండ్రి చేసిన బల్ల విరిచి వేశాడు. కాళ్లూ చేతులూ గట్టిగా రుద్దుతూ, నిప్పు మంచుని తాకింది, ప్రాణం లేచింది అని గురువు మాటలే పైకి వల్లించాడు. తమ్ముడి బుగ్గలు ఎర్రబడ్డాయి. ఓర్మ్ ఆనందం పట్టలేక నవ్వాడు కూడా. ఆ నవ్వు ఇంకా ఆరకముందే కారి ఒక్కసారి విలవిల్లాడి, కళ్లు తెరిచే ఉంచి, చనిపోయాడు.

పూడ్చిపెట్టిన రోజు ఒక ముసలి కాపరామె పుండు మీద కారం చల్లినట్టు అందరిలోనూ అనేసింది. "గడ్డకట్టినవాణ్ణి ఎవరైనా నెగడు పక్కన పెడతారట్రా? గొర్రెపిల్లకే అలా చేయం. చేతుల్లో కాళ్లలో ఉన్న చలంతా ఒక్కసారిగా గుండె మీద పడదూ!" ఆమె కూడా ఏడుస్తూనే అంది. ఆ రోజు నుంచి ఓర్మ్ నిప్పు దగ్గరికి రాలేదు. తలుపు పక్కన గాలి కొట్టేచోట కూర్చుని, చల్లారిన తిండి తినేవాడు. కథ చెప్పమంటే నీళ్లు నమిలేవాడు. నెల గడిచాక, ఒక ఉదయం గురువు ముందుకి వచ్చి నిలబడ్డాడు.

"గురువుగారూ, నిప్పూ మంచూ తాకితే ప్రాణం పుట్టిందన్నారు. ఆ రోజు నా దగ్గర రెండూ ఉన్నాయి. మరి చావెందుకు పుట్టింది? మీ కథ అబద్ధమైతే చెప్పండి, ఇవాళే వదిలేసి పోతాను. నిజమైతే, నా తమ్ముడు ఎందుకు పోయాడో చెప్పండి."

స్కాప్తి ఎప్పటిలాగే, "కొట్టంలో ఆవు ఈనేలా ఉంది. చూసిరా, నాయనా" అన్నాడు. ఇంత దుఃఖంలోనూ ఈయన అలవాటు మానడు కదా అని ఓర్మ్‌కి ఒళ్లు మండింది. అయినా వెళ్లాడు.

ఆవు తెల్లారకముందే ఈనేసింది. గాలికి కొట్టం తలుపు ఊడి, మంచు లోపలికి కొట్టుకొచ్చి ఉంది. కట్టేసిన ఆవుకి అందకుండా దూడ తలుపు దగ్గరే పడి ఉంది. ఉమ్మనీరు ఒంటి మీదే గడ్డకట్టి, అది పెంకులో ఇరుక్కున్నట్టుంది. కాళ్లు కర్రల్లా ఉన్నాయి. ముక్కు దగ్గర చెయ్యి పెడితే ఊపిరి ఉందో లేదో అన్నట్టుంది. ఓర్మ్ చేతులు వాటంతటవే దూడ కిందికి పోయాయి. నెలరోజులుగా నిప్పు మొహం చూడనివాడు, దూడని ఎత్తుకుని నెగడు వైపు పరిగెత్తబోయాడు. గోడలోని గుమ్మానికి అడ్డంగా గురువు చేతికర్ర ఉంది.

"దించు. తల్లి దగ్గర దించు."

"చచ్చిపోతుంది గురువుగారూ!"

"దించరా."

దించాడు. గురువు ఊడిన తలుపు చేరవేసి, గడ్డి తెచ్చి దూడ కింద పరిచి, పక్కనే కూర్చున్నాడు. ఆవు నాకడం మొదలుపెట్టింది. దానికి తొందర లేదు. మెడ దగ్గర ఒక్క చోటే నాకింది, నాకింది, నాకుతూనే ఉంది. చూసే ఓర్మ్‌కి ప్రాణం పోతోంది. రెండుసార్లు లేచాడు, రెండుసార్లూ గురువు భుజం పట్టి కూర్చోబెట్టాడు. ఎంతసేపటికో మెడ మీది పెంకు కరిగి అరచేతి మేర వెంట్రుకలు కనబడ్డాయి, తడిగా, ఎర్రగా. ఆవు ఇప్పుడు దూడ వీపు నాకసాగింది. తన వెచ్చని పొట్ట దూడకి ఆనించి పడుకుని మళ్లీ నాకింది. మధ్యాహ్నం దాటాక చెవి కదిలింది. దూడ తల ఎత్తింది, పడేసింది, మళ్లీ ఎత్తింది. ఆ మసక పొద్దు పూర్తిగా వాలేలోపు నాలుగు కాళ్ల మీద తూలుతూ నిలబడి, పొదుగు వెతుక్కుంది.

ఓర్మ్ మాత్రం సంతోషించలేకపోయాడు. దూడ వెంట్రుకలు తొలిసారి కనబడినప్పుడే అతనికి కథలోని ఆవు గుర్తొచ్చింది. మొదటి రోజు సాయంత్రానికి మంచుగడ్డలోంచి జుట్టు బయటపడింది. రెండో రోజుకి తల. మూడో రోజుకి గాని మనిషి రాలేదు. ఎప్పుడో చిన్నప్పుడు, కథ నేర్చుకునే మొదటి చలికాలంలో, ఒక్కసారి విన్న మాటలవి. ఆ తర్వాత గురువు నోట విన్నది లేదు, తను చెప్పిందీ లేదు. దేవతల తాతని మంచులోంచి తీసింది నిప్పు కాదు, మూడు రోజుల నాలుక.

అతను కొట్టం గోడకి తల ఆనించి, చిన్నపిల్లాడిలా బావురుమన్నాడు. "మా ఇంట్లోనూ ఆవుంది గురువుగారూ" అన్నాడు. "గోడకి అవతలే ఉంది. ఆ రోజంతా అరుస్తూనే ఉంది. మేత వెయ్యలేదని అరుస్తోందనుకున్నాను."

స్కాప్తి ఈసారి ఏ పనీ అప్పగించలేదు. ముసలి చేతులు రెండూ ఒళ్లో పెట్టుకుని వాటినే చూసుకుంటూ ఉండిపోయాడు. వేల సాయంత్రాలు చప్పట్లు చరిచిన చేతులు అవి.

"నువ్వు కథ తప్పు చెప్పలేదు, ఓర్మ్. నేను నేర్పినట్టే చెప్పావు" అన్నాడు చివరికి. "ముప్పై ఏళ్లు చెప్పాను. ఆవు దగ్గరికొచ్చేసరికి ఎప్పుడూ తొందరపడేవాణ్ణి."