సంచీలో గింజంత బిడ్డ

ఈ కథ నాకు మొదట చెప్పింది మా నాయనమ్మ ఓలేటి నూకరత్నం. ఈ కథలో ఉన్న సింగన్నకు సొంత కూతురు ఆవిడ. మన ఊళ్ళో చిన్నబ్బులు ఇంటోళ్ళు ఇంకోలా చెబుతారు. అది వినకు. వాళ్ళ తాత సింగన్న ఎక్కిన ఓడే ఎక్కలేదు.

కళ్ళు తుడుచుకో అమ్మలూ. బడిలో నిన్ను "ఎలుకోళ్ళ పిల్ల" అన్నారనేగా ఈ ఏడుపు? ఆ పేరు మనకెలా వచ్చిందో విను. విన్నాక కూడా ఏడవాలనిపిస్తే అప్పుడు ఏడుద్దువుగాని.

అనగనగా కోరంగి రేవులో సింగన్న అనే కలాసీ ఉండేవాడు. ఓడలో తెరచాపలు ఎత్తడం, దించడం ఆయన పని. ఒకసారి ఆయన ఎక్కిన ఓడ దక్షిణంగా పోయి పోయి, ఆస్ట్రేలియా దగ్గర తుఫానులో రాళ్ళకు కొట్టుకుని పగిలింది. సింగన్న కాలు విరిగింది. అప్పుడు తోటివాళ్ళు ఆయన్ని ఒక ఇసుకతిప్ప మీద పడుకోబెట్టి, మంచినీళ్ళ పీపా, ఎండురొట్టెలు దగ్గర పెట్టి, "సాయం తెస్తాం, ధైర్యంగా ఉండు బావా" అని పడవలో వెళ్ళిపోయారు.

తిప్ప మీద ఇంకొక్క ప్రాణి ఉంది. కుందేలుకన్నా పెద్దది, మేకపిల్లకన్నా చిన్నది. బూడిదరంగు ఒళ్ళు, ఎలుకలాంటి మూతి, పొట్టి చేతులు, పొడుగు కాళ్ళు, పొట్టకు సంచీ. కంగారూకి చిట్టి చెల్లెలనుకో. వల్లబీ అంటారు. పక్కన పెద్ద దీవికి ఉన్న ఇసుకదారిని ఆ తుఫానే కోసేసింది. అలా ఇద్దరూ చిక్కుబడిపోయారు.

వాన లేదు. గడ్డి ఎండింది. "నాకన్నా ముందు నువ్వే పోతావే పిచ్చిదానా" అన్నాడు సింగన్న. అప్పుడది గెంతుకుంటూ ఒడ్డుకెళ్ళి, వంగి, సముద్రం నీళ్ళు తాగింది. మన గేదె కుడితి తాగినట్టు, తీరిగ్గా! ఆయనా దోసెడు తాగి చూశాడు. పేగులు నోట్లోకొచ్చేలా కక్కుకున్నాడు. దానికేమో చీమ కుట్టినట్టయినా లేదు.

ఆ తర్వాత ఒక పొద్దున పెద్ద గద్ద దిగింది. వల్లబీ పరుగు తీసింది. ఆ ఊపుకి సంచీలోంచి బొచ్చయినా రాని పిల్ల జారిపడింది. సింగన్న కాలు ఈడ్చుకుంటూ పాకి, రాళ్ళు రువ్వి గద్దని తరిమాడు. కానీ పిల్ల బతకలేదు. ఆల్చిప్పతో గుంట తీసి పూడ్చాడు. తల్లి దూరంగా కూర్చుని చూసింది.

నెల తిరిగింది. పడవ రాలేదు. "నీదీ అయిపోయింది, నాదీ అయిపోయింది" అని ఆయన రొట్టె పక్కన పడేసి, ఓడ నుంచి కొట్టుకొచ్చిన తెరచాప గుడ్డ నీడలో వాలిపోయాడు.

అప్పుడు చూశాడమ్మా.

అది ఆ నీడలోకే వచ్చి, తోక ముందుకు లాక్కుని కూర్చుంది. దాని ఒంట్లోంచి అలసందగింజంత ఎర్రటి బిడ్డ బయటికొచ్చింది. కళ్ళు తెరవలేదు. చెవులు రాలేదు. రెండు బుల్లి చేతులు మాత్రం ఉన్నాయి. వాటితో తల్లి బొచ్చు పట్టుకుని, ఈదుతున్నట్టు పైకి పాకింది. తల్లి పట్టుకోలేదు, ఎత్తలేదు. తన గాలికి ఎక్కడ రాలిపోతుందోనని సింగన్న ఊపిరి బిగబట్టాడు. గింజ పాకి పాకి సంచీ అంచు చేరింది. లోపలికి దిగింది.

తిప్ప మీద మగది లేదు. మరి బిడ్డ ఎక్కడిది? ఒక పిల్ల సంచీలో ఉండగా ఇంకోటి కడుపులో పెరక్కుండా, చావకుండా ఆగి ఉంటుందట. మొదటిది పోతే అది మేలుకుంటుందట. ఇవాళ చదువుకున్నవాళ్ళు చెబుతున్నారు. సింగన్నకు అదేం తెలుసు? "ఓసి తల్లీ, ఇంకోటి దాచుకున్నావటే!" అని చేతులెత్తి దణ్ణం పెట్టాడు. లేచి రొట్టె తిన్నాడు.

ఆ తర్వాత పడవ వచ్చింది. వల్లబీని ఒళ్ళో పొదువుకుని, పెద్ద దీవిలో దింపాకే ఆయన ఇంటిదారి పట్టాడు.

రేవులో చెబితే పగలబడి నవ్వారు. "సముద్రం తాగే ఎలుకా? గింజంత బిడ్డా? మగతోడు లేని కానుపా? ఓడతోపాటు వీడి బుర్ర కూడా పగిలిందిరోయ్!" అన్నాడు ఆ చిన్నబ్బులు వాళ్ళ తాత. అప్పట్నించి ఆయన ఎలుక సింగన్న, మనం ఎలుకోళ్ళం.

నూకరత్నం పెళ్ళిమాటలప్పుడు కులపెద్ద నలుగురిలో అన్నాడు: "అబద్ధమాడానని ఒక్కమాట అనెయ్ సింగన్నా. ఆ పేరు ఇవాళతో చెరిపేద్దాం."

సింగన్న కూతురి వంక చూశాడు.

"నువ్వు చూశావా నాన్నా?"

"చూశానే."

"అయితే అనకు."

"ఎలుక అనే పిలుచుకోండి. చూసింది చూళ్ళేదని మాత్రం అనను" అని సింగన్న కండువా దులుపుకుని లేచాడు.

అదమ్మా మన పేరు. ఆయన భరించాడు గాని నేను భరించను. చిన్నబ్బులు ఇంట పెళ్ళికి ఇప్పటికీ వెళ్ళను. చదువొచ్చినవాళ్ళెవరైనా సరే, ఆ మాట దిద్దండి. అది ఎలుక కాదు, వల్లబీ. సింగన్న అబద్ధాలకోరు కాదు.

కథ కంచికి పోయింది,
గింజ సంచికి పోయింది.
ఓడ రేవుకి వచ్చింది,
నిద్ర కంటికి వచ్చింది.