బొరియ ఖాళీ చేయించబోయిన నక్క

రాళ్ళగుట్ట కింద బొరియలన్నీ నక్క జంబయ్యవే. అతను తవ్వినవి మాత్రం కావు. పందికొక్కులు ఒళ్ళు హూనం చేసుకుని తవ్వుకుంటే, వాటిని తరిమేసి తనవనిపించుకున్నాడు. చీమలు పెట్టిన పుట్టల్లో పాములు చేరడం లోకంలో ఉన్నదే. జంబయ్య వాటికంటే నాలుగాకులు ఎక్కువ చదివాడు, తాను చేరకుండా అద్దెలకిచ్చుకున్నాడు.

వాటిలో ఒకదాంట్లో ఈరమ్మ అనే ఉడుము కాపురముండేది. ప్రతి సంతరోజునా అద్దె కింద ఏటిపీతలు తెచ్చి ఇచ్చేది. ఏనాడూ మాట పడలేదు. ఆ ఎండాకాలం లోపలి గదిలో గుడ్లు పెట్టింది. ఆ గుడ్లు కదిపితే ఇక పనికిరావు. తొలకరి రేపో మాపో అనగా జంబయ్య గుమ్మంలోకొచ్చి దగ్గాడు.

"ఏమ్మా ఈరమ్మా, ఇల్లు ఖాళీ చెయ్యాలి. మా సొంతానికి కావాలి."

"లోపల గుడ్లున్నాయి జంబయ్యగారూ. పిల్లలు బయటపడగానే పోతాను."

"నీ గుడ్ల గొడవ నాకెందుకమ్మా? ఇల్లు నాది."

"ఇల్లు మీదే. గుడ్లు నావి. కదలను."

ఉడుంపట్టంటే ఊరికే అన్నారా? వ్యవహారం ఏనుగుగారి కోర్టుకెక్కింది.

ఆ అడవిలో చట్టం ఒకటే. అద్దె సరిగ్గా ఇచ్చేవాళ్ళని వెళ్ళగొట్టకూడదు. యజమాని తానే వచ్చి ఉంటానంటే మాత్రం ఖాళీ చెయ్యాల్సిందే. ఇంకొకరికి ఇచ్చుకుంటానంటే కుదరదు.

అసలు సంగతి ఈరమ్మకి తెలుసు. తెల్లవారి లేచేసరికి గుమ్మం ముందు ఇసకలో లావుపాటి చార కనిపించేది. దాని పక్కన ఒక్క అడుగుజాడ ఉండేది కాదు. కొండచిలువ వచ్చి ఇల్లు చూసుకుపోతోందన్నమాట! అలాంటిది తన మనిషై గుట్టలో ఉంటే జంబయ్యకి ఎదురు చెప్పేవాడుండడు. ఈ బేరం కుదిర్చింది జంబయ్య వెంట తిరిగే కాకి అయ్యుంటుందని కూడా ఈరమ్మ పోల్చుకుంది. కానీ సాక్ష్యమేదీ? చారలు గాలికి చెరిగిపోయాయి. పొరుగింటి కుందేలుని అడిగితే, "అక్కా, నాకు ఈమధ్య చూపు ఆనడం లేదు" అని నేలచూపులు చూసింది. అయినా ఈరమ్మ ప్రతి వాయిదాకీ ఎండలో పాక్కుంటూ వెళ్ళి నిలబడింది.

జంబయ్య వకీలు ఆ కాకే. పుట్టుకతోనే నల్లకోటు. ఎదుటివాళ్ళు అవునంటే కాదనడం, కాదంటే అవుననడం, దానికొచ్చిన విద్యంతా అదే.

చివరి వాయిదానాటికి ఆకాశం నల్లబడింది. జంబయ్య తోకతో కళ్ళొత్తుకున్నాడు.

"నా ఇల్లు నాకు చాలడం లేదు ప్రభో! ఇక అక్కడ కాపురం నా వల్ల కాదు. ఒట్టు!"

ఏనుగుగారు ఈరమ్మ వైపు తిరిగారు. "యజమాని సొంతానికంటున్నాడు. నీకు సాక్షి లేడు. నన్నేం చెయ్యమంటావమ్మా?"

చీకట్లో మెత్తటి మట్టి కప్పుకుని ఉన్న గుడ్లు ఈరమ్మ కళ్ళముందు మెదిలాయి. ఏడుపొచ్చింది. దాన్ని మింగేసి, గోళ్ళు నేలలో దిగేసి నిలబడింది.

"ఖాళీ చేస్తాను ప్రభో. ఒక్కటే షరతు. నా పిల్లల్ని వదిలేసి పోతున్న ఇల్లది. అందులో కాపురానికొచ్చే వాళ్ళు తమరి ఎదుట కుడికాలు ముందు పెట్టి, శుభమా అని దిగాలి."

"ఓస్, దానిదేముంది..." అని జంబయ్య నోరు తెరిచేలోపే కాకి రెక్కలు టపటపలాడించింది. అవతలివాళ్ళు షరతంటే ఊరుకునే నోరా అది?

"ఒప్పుకోం! ఆ షరతు చెల్లదు ప్రభో! అసలు కాళ్ళే లేనివారిని కుడికాలు పెట్టమనడం ఏం న్యాయం?"

ఏనుగుగారి చెవులు ఊగడం ఆపేశాయి.

"జంబయ్యా, నీకు నాలుగున్నాయే! కాళ్ళు లేనిది ఎవరికయ్యా?"

జంబయ్య కాకి వైపు కొరకొరా చూశాడు. పొదలో నక్కిన కుందేలుకి ఒక్కసారిగా చూపొచ్చింది. "కొండచిలువకండీ! రోజూ వచ్చి చూసుకుపోతోందండీ!"

"దావా కొట్టేశాను. ఈరమ్మ ఆ ఇంట్లోనే ఉంటుంది" అన్నారు ఏనుగుగారు.

ఈరమ్మ వానకంటే ముందు ఇల్లు చేరి, గుడ్ల మీద మట్టి సర్ది, గుమ్మానికి అడ్డంగా పడుకుంది.

జంబయ్య తడిసి ముద్దై తన ఇంటికొచ్చేసరికి లోపల కొండచిలువ చుట్టలు చుట్టుకుని ఉంది.

"నీ మాట నమ్మి పాత చోటు వదులుకున్నాను జంబయ్యా. ఆ ఇల్లు కాకపోతే ఈ ఇల్లు."

"ఇది నా సొంతిల్లు!"

"ఇక్కడ కాపురం నీ వల్ల కాదని కోర్టులో ఒట్టేశావటగా?" అని కొండచిలువ హాయిగా కళ్ళు మూసుకుంది. జంబయ్యకి ఆ రాత్రంతా వానలోనే తెల్లారింది.

నీతి: సొంతానికని బొంకి ఒకరి గూడు కూల్చబోతే, ఉన్న సొంతిల్లూ పోతుంది.