పులవని పెరుగు

అనగా అనగా, తెరచాప ఓడలు సముద్రాల మీద తిరిగే రోజుల్లో, తామ్రగిరి అని ఒక రాజ్యం ఉండేది. దాన్ని సోమభూపతి పాలించేవాడు. ఆయన రాణి పేరు విమలాంబ.

రాణి మంచిదే, కానీ అనుమానం ఎక్కువ. పాలు కాచితే వాసన చూసేది. పండు కోస్తే అటూ ఇటూ తిప్పి చూసేది. ఎవరైనా మరీ తియ్యగా మాట్లాడితే ఒక అడుగు వెనక్కి వేసేది. "రాణిగారు తన నీడను కూడా నమ్మరు" అని దాసీలు చాటుగా నవ్వుకునేవారు. నవ్వుకోనివ్వండి. అనుమానించేవాళ్ళను చూసి నవ్వడం తేలిక, వాళ్ళ మాట చెవిన పెట్టడమే కష్టం.

ఆ ఊళ్ళో ఒక ఆచారం ఉండేది. పాలు తోడుపెట్టడానికి ఇంట్లో చేమిరి, అంటే ఆ కాస్త పాత పెరుగు, లేకపోతే ఇల్లాలు తానే గిన్నె పట్టుకుని ఇంకో ఇంటి గడప ముందు నిలబడాలి. పనిమనిషిని పంపకూడదు. అడిగింది పగవాళ్ళయినా సరే, లేదనకూడదు. పొద్దున జుట్లు పట్టుకున్నవాళ్ళు కూడా సాయంత్రానికి చేమిరి కోసం మాట కలపక తప్పేది కాదు. ఊరు ఊరంతా అలా ఒకే పెరుగు తినేది.

ఒక ఎండాకాలం మణిదత్తుడు అనే వర్తకుడు ఓడల మీద వచ్చి, రేవు ఎదుట పెద్ద అంగడి కట్టాడు. అలాంటి అంగడి ఎవరూ చూసి ఎరగరు. ఇది కావాలి, అది కావాలి అని అడగనక్కర్లేదు. లోపలికి నడిచి, ఎవరికి నచ్చింది వాళ్ళే బుట్టలో వేసుకోవచ్చు. అరల నిండా ఓడల్లో వచ్చిన సరుకే: కరకరలాడే చేగోడీలు, ఎన్నాళ్ళున్నా మెత్తదనం పోని రొట్టెలు, రంగురంగుల పానకాలు. అన్నిటికంటే వింత, మండుటెండల్లో కూడా పులవని పెరుగు.

జనం విరగబడ్డారు. కోటలో పెరుగు మధ్యాహ్నానికే పులిసి పళ్ళు జివ్వుమనేది. అంగడి పెరుగు తెప్పిస్తామని వంటవాళ్ళు అడిగితే, ఎండలకు విసిగిపోయి ఉన్న రాణి కూడా సరేనంది. అంత అనుమానం మనిషి ఆ ఒక్కచోట ఏమరుపాటు పడింది.

కొన్నాళ్ళకు ఆమె ఆ అంగడి చూడటానికి స్వయంగా వెళ్ళింది. గుమ్మంలోకి రాగానే నేతిలో వేగుతున్న వాసన ఘుమఘుమలాడింది. లోపలంతా వెతికినా పొయ్యి కనిపించలేదు. ఎక్కడా కిటికీ లేదు, పొద్దు ఎంతయిందో తెలియదు. పెరుగు కుండలు చిట్టచివరి గదిలో ఉన్నాయి. పెరుగు కోసం వచ్చిన ఆడవాళ్ళు అక్కడికి నడిచి వెళ్ళి వచ్చేసరికి బుట్టలు నిండిపోతున్నాయి. పెరుగు ముందే పెట్టవచ్చు కదా అని రాణి అడిగింది.

"అన్నీ చూసుకుంటూ నడిస్తే కళ్ళకు పండగ కదా తల్లీ" అన్నాడు మణిదత్తుడు, తేనె కారుతున్న గొంతుతో.

రాణి ఒక అడుగు వెనక్కి వేసింది.

అప్పటికి ఊళ్ళో పాలు కొనేవాళ్ళు తగ్గిపోయారు. గోవులు గలవాళ్ళు ఒక్కొక్కరే వాటిని అమ్ముకుంటున్నారు. ఊరి బయట మేతకు ఉన్న బీడును తన గిడ్డంగుల కోసం ఇమ్మని మణిదత్తుడు రాజును అడిగాడు. రాజు ఒప్పుకున్నాడు. వచ్చే పున్నమినాడు రాగిరేకు మీద ముద్ర వేస్తానన్నాడు.

రాణి మనసులో లెక్క వేసుకుంది. బీడు పోతే ఉన్న ఆవులు కూడా పోతాయి. ఆవులు పోతే ఊరి తిండి అంతా ఆ ఒక్కడి గుప్పిట్లోకి పోతుంది. ఇదే మాట రాజుతో చెప్పి, ముద్ర వేయవద్దని బతిమాలింది.

"అనుమానం మీద తీర్పు చెప్పమంటావా దేవీ? ఏదైనా తప్పు ఉంటే చూపించు. చూస్తాను" అన్నాడు రాజు.

రాణి మొదట విషమేమో అనుకుంది. అంగడి రొట్టె ముక్కను చీమల పుట్ట దగ్గర పెట్టించింది. చీమలు బారులు తీరి వచ్చి దాన్ని శుభ్రంగా మోసుకుపోయాయి. దాసీలు ముసిముసిగా నవ్వారు.

తర్వాత రాజవైద్యుణ్ణి సభకు పిలిచి చేగోడీలు తిని చూడమంది. ఆయన ఒకటి నమిలి, విషమూ లేదు, గిషమూ లేదన్నాడు. ఇంకో నాలుగు తిని కడుపు నిండిందన్నాడు. అంటూనే పళ్ళెం ఖాళీ చేశాడు. ఖాళీ పళ్ళెంలో ఆయన చేయి ఇంకా తడుముకుంటూనే ఉంది. ఈసారి సభలోవాళ్ళు పైకే నవ్వారు. రాణి మాత్రం ఆ చేతినే చూస్తూ ఉండిపోయింది.

ఏటా ఆ పున్నమికి జరిగే పూజకు పెరుగు రాణి తన చేత్తో తోడుపెట్టడం కోటలో ఆనవాయితీ. కోట చేమిరి ఎప్పుడో ఎండిపోయింది. అందుకని ఆమె గోరువెచ్చని పాలల్లో అంగడి పెరుగే కాస్త వేసింది. తెల్లారి మూత తీస్తే పాలు పాలలాగే ఉన్నాయి. చేయి తేడా ఏమోనని ఇంకోసారి పెట్టింది. మళ్ళీ అంతే. పేరుకోలేదు సరికదా, పాడయిన వాసన కొట్టింది.

అప్పుడు రాణి ఊరి ఆచారం ప్రకారం గిన్నె పట్టుకుని తానే బయలుదేరింది. మంత్రిగారి ఇల్లాలు తలుపు తీసి తెల్లబోయింది. తమ ఇంట్లోనూ అంగడి పెరుగేనని చెప్పి తల దించుకుంది. కంసాలి ఇంట్లో అదే మాట, సాలెవాడలో అదే మాట. పైగా పక్కపక్క ఇళ్ళవాళ్ళు ఒకరినొకరు కొత్తవాళ్ళను చూసినట్టు చూసుకుంటున్నారు. గిన్నె పట్టుకుని వెళ్ళే పని లేక, మాట్లాడుకుని ఎన్నాళ్ళయిందో వాళ్ళకే గుర్తు లేదు. రాణికి నిజంగా భయం వేసింది. ఊరినిండా పెరుగు ఉంది, చేమిరి చుక్క లేదు.

చివరికి బీడు అంచున పోలమ్మ గుడిసె ఒక్కటే మిగిలింది. పోలమ్మది గయ్యాళి నోరు. ఒకసారి అంగడికి వెళ్ళి, ఈ పెరుగు ఎవరి ఆవుదని అడిగింది. ఎవరూ చెప్పలేకపోయేసరికి అందరినీ దులిపేసి వచ్చి, మళ్ళీ ఆ గడప తొక్కలేదు. రాణి గిన్నెతో వచ్చి నిలబడితే నడుం మీద చేయి వేసుకుని చూసింది.

"కోటలో కూడా అడుగంటిందా అమ్మా?"

"అడుగంటనిచ్చాను పోలమ్మా. తప్పు నాదే" అంది రాణి.

ఆ మాట విని పోలమ్మ నడుం మీది చేయి తీసింది. లోపలికి వెళ్ళి గరిటెడు పెరుగు తెచ్చి గిన్నెలో వేసింది. ఎండలో తిప్పకుండా తిన్నగా ఇంటికి పొమ్మని మాత్రం కసిరింది.

పున్నమినాడు సభ కొలువుతీరింది. రాగిరేకు సిద్ధంగా ఉంది. రాణి రెండు గిన్నెలు తెచ్చి రాజు ముందు పెట్టింది. రెండింటిలోనూ ఒకే ఆవు పాలు. ఒకదానిలో పోలమ్మ చేమిరి, రెండోదానిలో మణిదత్తుడి పెరుగు. రాజు మొదటి గిన్నె వంచాడు. పెరుగు కదలలేదు. రెండోది వంచేసరికి నీళ్ళలా ఒలికి ఆయన పట్టుబట్ట తడిసింది.

రాజు ఇదేమిటని అడిగాడు. మణిదత్తుడు తడబడలేదు. పైగా మురిసిపోయాడు.

"అది మా పనితనం మహారాజా. తోడుకున్న పెరుగును మళ్ళీ ఆవిరిలో పెట్టి అందులోని జీవం తీసేస్తాం. జీవం లేనిది పులవదు. చేగోడీలదీ అంతే. కడుపు చాలన్నా నాలుక చాలదనేలా పాళ్ళు కట్టి ఉప్పు, తీపి, నెయ్యి కలుపుతాం."

"జీవం తీసేస్తే ఇంట్లో మళ్ళీ ఎలా తోడుకుంటుంది?" అని అడిగింది రాణి.

"తోడుకోవడం దేనికి తల్లీ? రేపు మళ్ళీ నా దగ్గరికే వస్తారు కదా."

"నీ ఓడలు రాని రోజున?"

మణిదత్తుడు నవ్వి చేతులు జోడించాడు. "ఆ రోజు కూడా నా గుమ్మం ముందే కూర్చుంటారు. ఇంకెక్కడికి పోతారు?"

సభలో ఈసారి ఎవరూ నవ్వలేదు. రాజవైద్యుడు తన చేతిని ఉత్తరీయంలో దాచుకున్నాడు. రాజు ముద్రను మళ్ళీ పెట్టెలో పెట్టేశాడు.

బీడు ఆవులకే మిగిలింది. మణిదత్తుడిని రాజు వెళ్ళగొట్టలేదు. ఏ తిండి ఎలా చేశారో గుమ్మం దగ్గరే అందరికీ చెప్పాలని, పాలు తోడుకునే పెరుగే అమ్మాలని మాత్రం ఆజ్ఞ వేశాడు. అలాంటి పెరుగు ఒకసారి కొన్నవాళ్ళు మళ్ళీ ఎందుకు వస్తారని గొణుక్కుంటూ, ఆ వర్తకుడు తానే ఓడ ఎక్కాడు.

ఆ సాయంత్రం పోలమ్మ గుడిసె ముందు గిన్నెల బారు. మంత్రిగారి ఇల్లాలు, చాకలి ఎల్లి, సాలెవాడ ఆడవాళ్ళు ఒకరి వెనక ఒకరు నిలబడ్డారు. పోలమ్మ ప్రతి ఒక్కరినీ తిట్టింది, ప్రతి ఒక్కరికీ వేసింది. మర్నాడు మధ్యాహ్నానికి ఇంటింటా పెరుగు పులిసింది. జనం దాన్ని చల్ల చేసుకుని, ఉప్పు వేసుకుని, పక్కింటివాళ్ళకు కూడా ఇచ్చి తాగారు.

మన చేత్తో మళ్ళీ చేసుకోలేని తిండికి అలవాటు పడితే, దాన్ని చేసేవాడి చేతికి మనమే చిక్కుతాం.