ఆరిన వీపు

మధ్యాహ్నం దాటితే పలుగులు నెమ్మదిస్తున్నాయని దస్తగిరికి బెంగ.

అతని గురువు ఫకీరు జమాల్ షా ఉండే గుట్ట కింద, ఊరి పశువుల కోసం కుంట తవ్వుతున్నారు. వానల్లోగా పూర్తి కాకపోతే గొడ్లు ఇంకో ఏడాది దాహంతో అల్లాడాలి. పని చూసుకొమ్మని గురువు దస్తగిరికి అప్పగించాడు.

ఎంత తవ్విందీ తెలియడానికి ప్రతి ఒక్కరి గోతిలోనూ కాస్త మట్టి దిమ్మె తవ్వకుండా వదిలేస్తారు. దాని ఎత్తే ఆ మనిషి పని. దస్తగిరి కర్ర పట్టుకుని ఆ దిమ్మెలు కొలుస్తూ తిరిగేవాడు. వెనకబడినవాళ్లను, అందరికన్నా ఎక్కువ తవ్వే సంజన్నను చూసి నేర్చుకోమని పోరేవాడు. పాపం, తానూ కూర్చునేవాడు కాదు. గొంతు పిడచకట్టుకుపోతున్నా పనివాళ్ల ముందు నీళ్లు తాగడం నామోషీ అనుకునేవాడు.

ఆ రోజు రోళ్లు పగిలే ఎండ. గురువు కాళ్లీడ్చుకుంటూ గుట్ట దిగి వచ్చాడు.

"అందరూ డీలా పడినారు హజ్రత్," అన్నాడు దస్తగిరి విసుగ్గా. "సంజన్న ఒక్కడే మనిషి. చూడండి, ఒంటి మీద చెమట చుక్క గూడా లేదు."

జమాల్ షా గోతిలోకి దిగి సంజన్న వీపు మీద అరచెయ్యి ఆనించాడు. ఎండదెబ్బకు చెమట ఆగిపోయి, పొయ్యి మీది పెనంలా కాలిపోతోంది. వెంటనే అతని చేతిలో పలుగు లాక్కున్నాడు.

"ఇంగ కొంచెమే సామీ," అన్నాడు సంజన్న. నాలుక తడబడుతోంది. అంటూనే గురువు భుజం మీదికే ఒరిగాడు.

గురువూ దస్తగిరీ అతన్ని మోసుకొచ్చి పందిరి కింద పడుకోబెట్టారు. గురువు మూలనున్న కుండెత్తి సంజన్న తల మీదా గుండెల మీదా నీళ్లు పోయసాగాడు.

"అవి నమాజుకు ముందు కడుక్కునే నీళ్లు హజ్రత్. మళ్లీ తేవాలంటే ఏటికి పోవాల," అన్నాడు దస్తగిరి.

"మనకు మట్టి ఉంది కదా, నీళ్లు లేనప్పుడు దాంతో మొహం, చేతులు తుడుచుకున్నా నమాజు చెల్లుతుంది," అన్నాడు గురువు, పోస్తూనే.

చాలాసేపటికి సంజన్న కళ్లు తెరిచి, తాగడానికి నీళ్లు అడిగాడు. చుట్టూ మూగినవాళ్లు ఊపిరి పీల్చుకున్నారు.

దస్తగిరి కుప్పకూలినట్టు కూర్చున్నాడు. ఏడుపొచ్చింది గానీ కంట తడి రాలేదు.

"నేనే చంపుకునేవాణ్ణి హజ్రత్."

గురువు అతని వీపు మీద చెయ్యి వేశాడు. ఓదార్చడానికే అనుకున్నాడు దస్తగిరి. చెమట తడి తగలని ఆ వీపు మీదే చెయ్యి కాసేపు ఆగింది. తర్వాత గురువు తాగేనీళ్ల కడవలో గిన్నె ముంచి అతని చేతికిచ్చాడు.

"ముందు తాగు," అన్నాడు అలసటగా. "తర్వాత తిట్టుకుందువులే."