గంతలమ్మ గుండు, వలయంలో వదిలిన చోటు

శిలాగిరి విశ్వవిద్యాలయం చాలా చిన్నది. బస్సులో కునుకు తీసే భక్తులు దాన్ని దాటిపోయి, తరువాత కండక్టరుతో తగవు పడుతుంటారు. ఎర్రగుట్టల నడుమనున్న ఈ విద్యాలయపు ఆటస్థలానికి పడమటి కొసన, గోలు స్తంభాల వెనుక, గంతలమ్మ గుండు వెలసి ఉంది. రెండు కొసలూ సన్నగా, నడుమ లావుగా ఉండే ఈ బండను ఎవరూ చెక్కలేదని అర్చకులు చెబుతారు. ఉలి గుర్తుల కోసం నేను చుట్టూ తిరిగి తడిమి చూశాను, కనబడలేదు. అయితే బండ ఏటేటా నువ్వుగింజంత పెరుగుతోందన్న మాటను మాత్రం ఒప్పుకోను. కొలిచి చూపమని అడిగితే ఇంతవరకు ఒక్కరూ టేపు పట్టుకొని రాలేదు.

చుట్టుపక్కల అమ్మవార్లందరికీ వెండి కళ్ళున్నాయి. ఈ తల్లికి లేవు. కళ్ళుండవలసిన చోట పసుపు గుడ్డ కట్టి ఉంటుంది. ఆ గుడ్డ కథ చెప్పడానికే ఆలయ సంఘం ఈ చిన్న పుస్తకం నాచేత రాయించింది. బయట పూలమ్మేవారూ ఆటోవారూ చెప్పే కథలు వినకండి. అమ్మవారే స్వయంగా బంతి చంకన పెట్టుకొని మైదానం పొడవునా పరుగెత్తిందని ఒకాయన నాతోనే అన్నాడు. ఎవరు చూశారని అడిగితే, కొబ్బరికాయ కావాలా అని మాట మార్చాడు.

పూర్వం ఇక్కడ గుడి లేదు. ఆటగాళ్ళు తడిసిన బనియన్లు ఆరేసుకునే బండగానే దీన్ని వాడుకునేవారు. వ్యాయామ శాఖలో ఓబులపతి అనే గురువు ఉండేవారు. ఆయన ఎక్కడో శిక్షణలో అమెరికన్ ఫుట్‌బాల్ నేర్చుకొని వచ్చి, ఇక్కడి విద్యార్థులకు నేర్పారు. పేరుకు ఫుట్‌బాలే గాని అందులో బంతి ఎక్కువగా చేతుల్లోనే ఉంటుంది. ఆ బంతి ఈ బండ ఆకారంలోనే ఉంటుంది. ప్రతి ఎత్తుకూ ముందు జట్టంతా తలలు దగ్గర చేర్చి వలయంగా నిలబడుతుంది. బంతిని పక్కవాడికి ఇచ్చి పరుగెత్తించాలా, దూరంగా విసరాలా అన్నది నాయకుడు ఆ వలయంలోనే గుసగుసగా చెబుతాడు. తరువాత ఒకడు నడుము వంచి, బంతిని తన కాళ్ళ సందునుంచి వెనుకనున్న నాయకుడికి అందిస్తాడు. వాడు అందిస్తేనే ఆట మొదలవుతుంది.

అందించేవాడి పేరు దస్తగిరి. నాయకుడి పేరు శేషఫణి. ఒకే గదిలో ఉండి, ఒకే పళ్ళెంలో ఉగ్గాని తిన్న స్నేహితులు వారు. పెన్నగడ్డ విశ్వవిద్యాలయంతో ఎప్పుడు ఆడినా శిలాగిరి జట్టు ఓడిపోయేది. మామూలుగా ఓడిపోతే బాధ లేదు. ఇటువారు బంతి విసరబోతే, విసరకముందే అటువారు దూరం జరిగి కాచుకొని నిలబడేవారు. మన గుట్టు ఎవరో మోస్తున్నారన్న అనుమానం అప్పుడు పుట్టింది. దస్తగిరి అక్క మాబున్నీని ఇచ్చింది పెన్నగడ్డకు. సెలవు రోజున అతడు అక్కను చూడడానికి అక్కడికి వెళ్ళేవాడు. శేషఫణికి ఈ రాకపోకలు మొదటి ఓటమికి ముందునుంచే గుచ్చుకునేవి. ఇప్పుడు జట్టు అనుమానానికి అంతకన్నా మేత అక్కర్లేదు.

అతడు పెన్నగడ్డ నుంచి తిరిగి వస్తే సంచి వెతికేవారు. అందులో అక్క చేసి పంపిన తీపి ఓళిగలుంటే, ఓళిగల కింద ఏముందోనని చూసేవారు. చివరికి వారు చేసిన పని తలచుకుంటే నవ్వాలో ఏడవాలో తెలియదు. వలయంలోంచి దస్తగిరినే తీసేశారు. తక్కినవారు గుసగుసలాడుతుంటే అతడు దూరంగా, బంతి దగ్గర ఒక్కడే వంగి ఉండేవాడు. అందించే వేళకు శేషఫణి అతడి నడుము మీద తట్టేవాడు. ఆట మొదలుపెట్టవలసినవాడికే ఆట ఏమిటో చెప్పని జట్టు మరెక్కడా ఉండి ఉండదు. అయినా గుట్టు బయటపడుతూనే ఉంది. అలా ఎందుకని ఒక్కరూ ఆలోచించలేదు. దస్తగిరి మరీ గడుసువాడని మాత్రం అనుకున్నారు.

పెన్నగడ్డతో రాబోయే ఆటలో కూడా గుట్టు బయటపడితే, ద్రోహి అని పేరు పెట్టి దస్తగిరిని వెళ్ళగొట్టాలని జట్టు తీర్మానించింది. ఆ పేరు పడితే ఆ కుర్రవాడు ఎర్రగుట్టల్లో తలెత్తుకొని తిరగగలడా? ఓబులపతి గురువుగారికి మనసు ఒప్పలేదు, అలాగని అతడిని నమ్మడానికీ ధైర్యం చాలలేదు.

ఒక మధ్యాహ్నం ఆయన పులిహోర తిని ఈ బండ నీడన నడుము వాల్చారు. కలలో ఒక ముసలమ్మ కనబడింది. ఆమె కళ్ళకు పసుపు గుడ్డ గంతలు కట్టి ఉన్నాయి.

"దొంగను ఎతుకుతాండావా నాయనా? ముందు మీ నాయకుని కండ్లకు గుడ్డ కట్టు. దొంగ దొరుకుతాడు," అన్నదామె.

గురువుగారు లేచి, ఇది అమ్మవారి మాటా, పులిహోర మాటా అని చాలాసేపు మథనపడ్డారు. ఆయన స్థానంలో ఎవరున్నా అంతే చేసేవారు. కాని వేరే దారి లేక, సాయంత్రం సాధనలో శేషఫణి కళ్ళకు పసుపు గుడ్డ కట్టించారు. బంతి చేతిలో పడ్డాకే గంతలు కిందికి లాక్కోవాలన్నారు. ఎదురుగా శిలాగిరి రెండో జట్టు నిలబడింది. రోజూ మొదటి జట్టు ఎత్తులు ఇట్టే పసిగట్టే ఆ పిల్లలు ఆనాడు దారి తప్పిన గొర్రెల్లా తలోదిక్కు పరుగెత్తారు. బంతి విసిరితే ఆపేవారు లేరు, పరుగెత్తితే అడ్డుకునేవారు లేరు.

గురువుగారు ఆట ఆపి రెండో జట్టువారిని నిలదీశారు. "ఇన్నినాళ్ళూ మీకెట్ల తెలుస్తాండె?"

సుంకన్న అనేవాడు నసిగాడు. "బంతి దూరం ఇసరాలనుకున్నప్పుడంతా శేషఫణన్న దస్తగిరి పక్క అదోమాదిరి చూస్తాడు సార్. ఏడ పసిగట్టి చెప్పేస్తాడో అని. పరిగెత్తేటప్పుడు చూడడు. మేము ఆ చూపు చూసే ఆడతాంటిమి. అది అందరికీ తెలుసనుకున్యాం."

పెన్నగడ్డవారు కనిపెట్టిందీ ఆ చూపునే. దస్తగిరి ఎవరికీ ఏమీ చెప్పలేదు. జట్టు గుట్టును రట్టు చేసింది శేషఫణి అనుమానమే.

శేషఫణి గంతలు మెడలో వేలాడుతుండగానే వచ్చి దస్తగిరి చేతులు పట్టుకున్నాడు. "తప్పయిపాయరా, మన్నించు."

దస్తగిరి చేతులు విడిపించుకోలేదు. "యాడికి పోయింటివి, ఎవురితో మాట్లాడ్తాంటివి అని దినామూ అడిగినారు. రా, ఇట్ల నిలబడు అని ఒక్కనాడన్నా అన్న్యారా?" అన్నాడు.

ఆనాటి సాధన అంతటితో ముగిసింది.

పెన్నగడ్డతో ఆట రోజున కళ్ళకు గుడ్డ కట్టడానికి ఈల పట్టుకున్న పంచాయితీదారు ఒప్పుకోలేదు. అందుకని శేషఫణి ప్రతిసారీ కళ్ళు గట్టిగా మూసుకొని నిలబడ్డాడు. దస్తగిరి పగ తీర్చుకోదలిస్తే బంతిని కాస్త పక్కకు అందిస్తే చాలు, జట్టు పరువు మట్టిలో కలిసేది. జట్టులో కొందరికి ఆ భయం అప్పటికీ పోలేదు. దస్తగిరి ప్రతి బంతినీ తిన్నగా ఆ మూసిన కళ్ళవాడి అరచేతుల్లో పెట్టాడు. శిలాగిరి గెలిచింది.

అందరూ కేకలు వేస్తూ శేషఫణిని భుజాలకెత్తుకున్నారు. వాడు కిందికి దిగి చూసేసరికి దస్తగిరి లేడు. బంతి ఈ బండ మీద ఉంది. అతడు గదిలోని సంచి తీసుకొని వెళ్ళిపోయాడు, మళ్ళీ చదువుకు రాలేదు. శేషఫణి ఏడుస్తూ పసుపు గుడ్డను బండకు కట్టాడు. నాటినుంచి ఈ తల్లి గంతలమ్మ అయింది.

నేటికీ ప్రతి ఏటా మొదటి ఆటకు ముందు జట్టు ఈ గుండు ఎదుట వలయంగా నిలబడుతుంది. ఒక మనిషి పట్టేటంత చోటు వదులుతారు. ఆ చోటికి ఎవరైనా రావచ్చు. వచ్చినవారిని ఏ ఊరని, ఎవరి తాలూకని, ఎందుకొచ్చావని అడగకూడదు. "రా, ఇట్ల నిలబడు" అన్న మాట తప్ప మరో మాట అనకూడదు. ఆలుమగలు, అన్నదమ్ములు, వ్యాపారంలో పొత్తు కలిసినవారు ఒకరిమీద ఒకరికి నమ్మకం చెడినప్పుడు ఇక్కడికి వచ్చి, కళ్ళు మూసుకొని ఎదుటివారి చేతినుంచి కొబ్బరికాయ అందుకుంటారు. గంతలమ్మ దొంగలను పట్టిస్తుందని ఎవరైనా చెబితే నమ్మకండి. ఈ తల్లి దొంగలను పట్టివ్వదు. అనుమానంతో వచ్చినవారు తేలికపడి వెళ్ళడం మాత్రం నేను కళ్ళారా చూశాను.

నిరుడు ఆట రోజున గోలు స్తంభాల దగ్గర ఒక ముసలాయన నిలబడి ఉన్నాడు. నడుము బాగా వంగిపోయింది. ప్రసాదం కోసం వచ్చాడని కొందరు, చెప్పులు కాజేయడానికి వచ్చాడని కొందరు గొణిగారు. సంఘం తరఫున పిలవవలసింది నేను. ఏ ఊరు, ఏం పేరు, పెన్నగడ్డలో మీకెవరైనా ఉన్నారా అన్న ప్రశ్నలన్నీ నా నాలుక చివరికి వచ్చాయి. నా సంగతి ఈపాటికి మీకు తెలిసే ఉంటుంది, ఎవరినీ ఊరికే వదిలే మనిషిని కాను. అన్నీ మింగేసి, "రా, ఇట్ల నిలబడు," అన్నాను.

ఆయన కదలలేదు. ఈ మాట నమ్మాలా వద్దా అన్నట్టు చాలాసేపు నా ముఖమే చూశాడు. తరువాత మెల్లగా వచ్చి, ఆ ఖాళీలో నిలబడ్డాడు.