మరపుతీగకు అల్లిన జడ

ప్రశ్న అడగనిదే సుకేతుడికి ముద్ద దిగదని ఆశ్రమంలో అందరికీ తెలుసు. భోజనానికి కూర్చున్నప్పుడు తన ముందొక విస్తరి, పక్కన ఇంకొక విస్తరి వేసుకునే వింత అలవాటు కూడా అతనికి ఉండేది. "చుట్టం ఇంకా రాలేదా?" అని మేము ఆటపట్టించేవాళ్ళం. "ఏమో, వేయకపోతే తోచదు" అని అతనూ నవ్వేవాడు. ఆ రెండో విస్తట్లో కాస్త అన్నం పెట్టించి, తన భోజనం అయ్యాక దాన్ని కాకులకు వేసి వచ్చేవాడు.

ఒకనాడు అందరూ చేతులు కడుక్కున్నాక సుకేతుడు గహనాచార్యుల వారిని అడిగాడు.

"గురువుగారూ, మనిషి మరిచిపోయినది ఎక్కడికి పోతుంది?"

అడగవలసిన ప్రశ్నే. మా ఆశ్రమం ఉన్నదే మరపుతీగల కోసం. పొగమంచు సీమలో ఆ తీగ ఇంకెక్కడా బతకదు. భరించలేని దుఃఖం వచ్చినవాళ్ళు మా దగ్గరికి వస్తారు. ఆచార్యుల వారిచ్చిన గింజను నాలుక కింద పెట్టుకొని, తమ బాధంతా మట్టికి చెప్పుకొని, గింజను అక్కడే నాటి పోతారు. మొలక పైకి వచ్చేసరికి ఆ బాధా, దాని వెనక ఉన్న మనిషీ, చివరికి గింజ నాటిన సంగతీ కూడా వాళ్ళ మనసులోంచి తుడిచిపెట్టుకు పోతాయి. తీగ ఏడాదికి పూస్తుందో, ఎన్నో ఏళ్ళకు పూస్తుందో చెప్పలేం కానీ ఒక్కసారే పూస్తుంది. ఆ పువ్వు రాలిపోయిందంటే జ్ఞాపకం ఇక ఎన్నటికీ తిరిగి రాదు. రాలేలోపు నాటినవాళ్ళే వచ్చి ఒక ఆకు నమిలితే మాత్రం అంతా వెనక్కి వస్తుంది. ఆ ఆకులను ముట్టుకుంటే మనిషి నుదురు ముట్టుకున్నట్టు గోరువెచ్చగా ఉండేవి.

"తీగలోకి పోతుందని అందరూ చెప్పేదే. మరి మనిషిలో ఏమీ మిగలదా?" సుకేతుడు పట్టు వదల్లేదు.

ఆచార్యుల వారికి వాదాలంటే బద్ధకం. "రేపు తాయమ్మ చల్ల తెచ్చే వేళకు తోటలో ఉండు. చేతనైతే అడగకుండా చూడు" అన్నారు.

తాయమ్మ ఏటి మీద పడవ నడిపే సోమన్న భార్య. వాళ్ళ ఒక్కగానొక్క కూతురు బంగారి నిరుడు వరదల్లో పోయింది. తాయమ్మ అన్నం మానేసి మంచం పట్టింది. ఇక దక్కదేమోనని భయపడి సోమన్నే ఆమెను భుజాన వేసుకొచ్చి గింజ నాటించాడు. ఆ పాదు తవ్వింది నేనూ సుకేతుడూ. ఇప్పుడామె తింటోంది, నవ్వుతోంది, మాకు రోజూ చల్ల తెచ్చిపోస్తోంది. సోమన్న మాత్రం ఇంట్లో బిడ్డ పేరు ఎత్తే వీలు లేక, ఏడుపు వచ్చినప్పుడల్లా పడవను ఏటి మధ్యకు తోసుకుపోయి ఏడ్చి వచ్చేవాడు. ఆమె తీగకు మొగ్గ వచ్చింది. నేడో రేపో విచ్చేలా ఉంది.

మర్నాడు పొద్దున తాయమ్మ వంటింట్లో కుండ దించి నేరుగా తోటలోకి వచ్చింది. అన్ని తీగల మధ్య ఎక్కడా తడుముకోకుండా తన తీగ దగ్గరికే వెళ్ళి చతికిలబడింది. తీగ కొసలు మూడు పాయలుగా అల్లి ఉన్నాయి. ఆ నిన్నటి జడ విప్పి, వేళ్ళతో చిక్కు తీసి, మళ్ళీ మొదటినుంచీ అల్లసాగింది. గాలికి తీగ ఊగితే, "కదలకు, అయిపోవచ్చింది" అని కసిరింది. చివర చీర అంచులోంచి పోగు లాగి ముడి వేసింది.

సుకేతుడు ఆగలేకపోయాడు. "ఏం చేస్తున్నావమ్మా?"

"ఏమోనయ్యా. కుండ దించగానే చేతులు ఇటే లాగుతాయి. ఇది వేయకపోతే నాకు పొద్దు గడవదు." అప్పటికే మా వెనక వచ్చి నిలబడ్డ ఆచార్యుల వారిని చూసి ఆమె లేచింది. "సామీ, ఈ జడ ఎవరిది?"

సుకేతుడు నోరు తెరవబోయాడు. ఆచార్యుల వారు చెయ్యెత్తి ఆపారు.

"చెబితే ఏడుస్తావు తాయమ్మా. ఈ మొగ్గ పూసి రాలేదాకా ఊరుకున్నావంటే ఇక ఏడవనక్కర్లేదు."

ఆమె జడ కొసను చేతిలోకి తీసుకుంది. మళ్ళీ మంచం పడితే ఈసారి లేవదేమోనని నాకు భయం వేసింది. ఆచార్యుల వారి మీద కోపం కూడా వచ్చింది.

"ఆ ఏడుపు నాదేనా సామీ?"

"నీదే."

"అయితే నాకిచ్చేయండి. నాది మీ తోటలో ఎందుకు?"

ఆచార్యుల వారు ఆకు చూపించారు. ఆమె తెంపి నమిలింది. కాసేపటికి "బంగారీ" అని ఆ తీగను వాటేసుకొని కూలబడింది. మధ్యాహ్నం దాకా ఏడుస్తూనే ఉంది. మేము కబురు పంపితే సోమన్న ఏటి గట్టు నుంచి పరుగెత్తుకొచ్చి, తప్పు చేసినవాడిలా దూరంగా నిలబడ్డాడు. తాయమ్మ తలెత్తి చూసింది.

"ఇన్నాళ్ళూ నువ్వొక్కడివే ఏడ్చావా?"

అతను వచ్చి ఆమె పక్కన కూర్చున్నాడు. సాయంత్రం ఇద్దరూ లేచి పడవ ఎక్కారు. జడ వేస్తుంటే పిల్ల ఎలా మెలికలు తిరిగేదో ఆమె చెబుతోంది, అలా కాదు ఇలా అని అతను దిద్దుతున్నాడు. పడవ ఏటి మధ్యకు చేరేదాకా వాళ్ళ మాటలు మాకు వినబడుతూనే ఉన్నాయి. మర్నాడు చల్ల రాలేదు. ఆ తర్వాతి రోజు వచ్చింది.

ఆ రోజు భోజనాల దగ్గర సుకేతుడు ఎప్పటిలాగే రెండు విస్తళ్ళు పరిచి, గెలిచినవాడిలా కూర్చున్నాడు. "అర్థమైంది గురువుగారూ. ఆమె మరిచిపోయింది కానీ ఆమె చేతులు మరవలేదు. పాపం, తన తీగ పక్కనే కూర్చొని కూడా అది తనదని తెలియకపోవడం ఎంత విచిత్రం."

ఆచార్యుల వారు అన్నంలో చల్ల పోసుకున్నారు. "తూర్పు గట్టు మీది పాత తీగ కూడా మొగ్గ తొడిగింది" అన్నారు. ఆ తీగ ఎవరిదో మాలో ఎవరికీ తెలియదు. సుకేతుడి కంటే ముందు నుంచీ ఆశ్రమంలో ఉన్నవారు ఆచార్యుల వారు ఒక్కరే.

ఆయన ముద్ద కలుపుతూ, తల ఎత్తకుండానే అన్నారు.

"ఇన్ని అడుగుతావు కదా నాయనా, ఆ రెండో విస్తరి ఎవరిదని ఒక్కసారైనా అడగవేం?"